బతికున్నవాడి మీద శోకం

ఆటో కన్నా ముందు ఏడుపు సందులోకి వచ్చింది.

అప్పటికి నూకరాజు తండ్రికి గడ్డం గీస్తున్నాడు. పక్షవాతం వచ్చి సన్యాసిరావు కుడిచెయ్యి పడిపోయిన దగ్గర్నుంచీ అది వాడి పని. సన్యాసిరావు వాకిట్లో ప్లాస్టిక్ కుర్చీలో మెడ పైకెత్తి కూర్చున్నాడు. ఒక చెంప నున్నగా ఉంది. రెండో చెంప మీద ఇంకా నురుగుంది.

"అన్నయ్యో... నన్నొగ్గేసి ఎల్లిపోనావా అన్నయ్యో..."

గడప దగ్గర ఫోన్ మాట్లాడుతున్న నూకరాజు అక్క దివ్య ఆ గొంతు గుర్తుపట్టింది. పూడిమడకలో ఉండే మేనత్త, అప్పలనర్సమ్మ. వెనక ఇంకా కొన్ని గొంతులు ఆమెకి వంతపాడుతున్నాయి. ఆటో ఇంటి ముందు ఆగింది. అప్పలనర్సమ్మ జుట్టు విరబోసుకుని, గుండెలు బాదుకుంటూ దిగింది. దిగి, ఎదురుగా కుర్చీలో ఉన్న మనిషిని చూసింది.

బాదుకుంటున్న చెయ్యి గుండె మీదే ఆగిపోయింది.

సన్యాసిరావు నురుగు చెంపతోనే చెల్లెలి వైపు తిరిగాడు. అతనికి మాట ఇంకా పూర్తిగా తిరగలేదు. ఒక్కో మాటనీ కూడదీసుకుని అంటాడు.

"టీ... తాగుతావేటే?"

ఆటోలోంచి సగం దిగిన ఒకామె చంకలో కొత్త తుండుగుడ్డ ఉంది. శవం మీద కప్పడానికి తెచ్చింది. దాన్ని మెల్లగా కొంగు కిందికి తోసుకుంది.

"బతికే ఉన్నాడేటి," అంది ఇంకొకామె, కొంచెం తప్పు చేసినట్టు.

"మరి ఫోన్లో సూసేం కదే. పొద్దుటే మా వోడు సూపించేడు," అంది అప్పలనర్సమ్మ.

బొడ్లోంచి ఫోన్ తీసి దివ్య చేతికిచ్చింది. దివ్యకి చూడనక్కర్లేదు, అయినా చూసింది. పూడిమడక ఒడ్డున మంచం. మంచం మీద తన తండ్రి, కళ్లు మూసుకుని. పక్కన కూలబడి శోకాలు పెడుతున్న తన తల్లి. పాట లేదు, వాయిద్యం లేదు. సముద్రం చప్పుడూ, ఆ గొంతూ, అంతే. ఎవరో సినిమా హాల్లో కూర్చుని ఫోన్‌తో ఆ ముక్క తీశారు. అది చేతులు మారీ మారీ, ఎక్కడో దానికి రెండు చేతుల దండం బొమ్మ తగులుకుని చావు కబురైపోయింది.

"ఇది సినిమాలోది అత్తా. నా సినిమాలోది," అంది దివ్య.

"సినిమా ఏడుపు ఇలాగుంటాదేటే? మా వదిన ఏడుపు నాకు తెలీదా?"

వంటింట్లో గిన్నెల చప్పుడు ఆగిపోయింది. ఎరుకమ్మ చేతులు తుడుచుకుంటూ గుమ్మంలోకి వచ్చింది. విరబోసుకున్న జుట్లు చూసింది. కొంగు కిందనుంచి కనబడుతున్న తుండుగుడ్డ అంచు చూసింది. కూతుర్ని మాత్రం చూడలేదు.

"ఒరే నూకరాజూ," అంది. "మీ అప్పకి సెప్పు. సల్లగా ఉందా ఇప్పుడు ఆవిడ కడుపు? బతికున్న మొగుడి గుమ్మం ముందు శోకాలు పెట్టించింది. బొమ్మ బాగా ఆడతందంట కదా. ఆడమను."

నూకరాజు కత్తి పట్టుకుని అక్క వైపు చూశాడు. దివ్య తల వంచుకుంది.

తల్లి తనతో నేరుగా మాట్లాడి చాలా కాలమైంది. ఏం చెప్పాలన్నా నూకరాజు మీదుగానే.

సినిమావాళ్లలో ఒక ఆచారం ఉంది. శవంగా పడుకున్న నటుడు లేచాక కెమెరా వైపు చూసి ఒక్క నవ్వు నవ్వాలి. ఆ నవ్వు సినిమాలో ఉండదు. దోషం పోవడానికి తీస్తారు. హైదరాబాదులో అసిస్టెంటుగా పని చేసిన రోజుల్లో దివ్య ఎందరు పెద్ద నటుల్ని ఆ నవ్వు కోసం బతిమాలిందో. కానీ పూడిమడక ఒడ్డున తన తండ్రి శవంగా పడుకున్న రోజు ఆ నవ్వు తియ్యలేదు. షూటింగయిన నెల తిరక్కుండా సన్యాసిరావు చెయ్యీ మాటా పడిపోయాయి. ఆసుపత్రి వరండాలో ఎరుకమ్మ కూతురితో అన్న ఆఖరి మాట అదే. 'ఒక్క నవ్వు తియ్యలేకపోనావు.'

దివ్య దానికి జవాబు చెప్పలేదు. ఆనాడూ చెప్పలేదు, ఆ తరవాతా చెప్పలేదు.

ఆమె తీసిన మొదటి సినిమా ఒక్క వారమైనా నిలవలేదు. ఈ రెండోది శుక్రవారం విడుదలైంది. విశాఖలో, విజయనగరంలో, శ్రీకాకుళంలో హాళ్లు నిండిపోతున్నాయి. హైదరాబాదులో ఉత్తరాంధ్ర మాట అర్థం కాదన్నవాళ్లే రెండోసారి చూస్తున్నారు. ఒక్క అనకాపల్లిలోనే బొమ్మ పడలేదు. 'ఆ బొమ్మ ఈ ఊర్లో ఆడితే ఈ ఊర్లో నేనుండను' అని ఎరుకమ్మ చెప్పి పంపింది. దివ్య నిర్మాతతో గొడవపడి మరీ సొంత ఊరు ఆపించింది. జనం బస్సెక్కి విశాఖ వెళ్లి చూసి వస్తున్నారు.

అప్పలనర్సమ్మ బృందం చాప మీద కూర్చుని టీ తాగుతుండగా స్కూటరొకటి వచ్చి ఆగింది. సినిమా హాలు యజమాని త్రినాధరావు. ముఖం బాగా దిగులుగా పెట్టుకున్నాడు. చేతిలో గులాబీ దండ. రెండడుగులు వేసి, సన్యాసిరావుని చూసి, వెనక్కి వెళ్లి దండని స్కూటర్ హ్యాండిల్‌కి తగిలించి మళ్లీ వచ్చాడు.

"మీ ఆరోగ్యం ఎలాగుందో కనుక్కుందామని వచ్చేనండి," అన్నాడు.

"దండ... బాగుంది," అన్నాడు సన్యాసిరావు.

చాప మీద ఆడవాళ్లలో ఎవరికో నవ్వాగక టీ పొలమారింది.

త్రినాధరావు దివ్య వైపు తిరిగాడు. "డైరెక్టర్ గారూ, నా గేటు కాడ జనం కూకున్నారండి. చేపల బజారు మొత్తం అక్కడే ఉంది. మా సన్యాసిరావు ఆఖరి బొమ్మ మాకు చూపించవా అని నన్ను పట్టుకున్నారు. నేనేటి చెప్పను? మీరు హైదరాబాదుకి ఒక్క మాట చెబితే మాట్నీకి బొమ్మ పడిపోద్ది."

"ఆఖరిదేటి," అన్నాడు సన్యాసిరావు. "మొదటిదే అది."

"వద్దండి," అంది దివ్య. "ఇక్కడ వెయ్యనని ముందే చెప్పాను కదా."

"ఎయ్యి," అన్నాడు సన్యాసిరావు. "నేనొత్తాను."

గుమ్మంలో ఎరుకమ్మ కదిలింది. "ఎక్కడికి?"

"బొమ్మకి."

"నువ్వు సచ్చి పడుంటే ఊరంతా కూకుని ఈలలెయ్యాలా? అది నువ్వు కళ్లారా సూడాలా? ఉన్న ఒక్క సెయ్యీ పోవాలేటి?"

"మరేటి సెయ్యమంటావు? ఇంటింటికీ ఎల్లి... బతికున్నాను బాబూ అనుకోనా? అక్కడైతే అందరూ ఒక్కసోట ఉంటారు. ఒకసారి కనబడిపోతే సాలు."

"అన్నయ్య సెప్పింది బాగానే ఉంది వదినా," అంది అప్పలనర్సమ్మ. "మన రేవులో పడవలు ఆపీసేరు, సావు అనీసి. ఏటకి ఎవరూ ఎల్లనేదు. నేనెంతమందికి సెప్పుకోను?"

"నువ్వు నోరు ముయ్యి. శవం కాడికి పరిగెత్తుకొచ్చేవు, బతికున్నోడి మాట్నీకి పరిగెడతావు." ఎరుకమ్మ గొంతు పెరిగింది. "అది దోషమున్న బొమ్మ. నవ్వు తియ్యని బొమ్మ. ఒరే నూకరాజూ, అడగరా మీ అప్పని. అంత సదివింది, అంతమంది కింద పని నేర్సింది. కన్నతండ్రికి ఒక్క నవ్వు ఎందుకు తియ్యలేదో అందరి ముందూ సెప్పమను."

అందరూ దివ్య వైపు చూశారు. దివ్య గోడకి ఆనుకుని నిలబడింది. చెప్పడానికి ఒక్క మాట చాలు. ఆ మాటని ఇన్నాళ్లూ పంటి కింద పట్టుకుని ఉంది. జబ్బుపడ్డ మనిషి మీదికి నెట్టే మాట అది.

"దాన్నడక్కు," అన్నాడు సన్యాసిరావు. "నన్నడుగు."

నూకరాజు కత్తి కిందపెట్టాడు.

"అది నవ్వమంది. కెమెరా గుంటడు కూడా బతిమాలేడు. నాకు రానేదు. లేచి... ఒడ్డెంట ఎల్లిపోనాను."

"ఎందుకు రానేదు?" అంది ఎరుకమ్మ. ఆమె గొంతు అప్పటికే తగ్గింది.

సన్యాసిరావు చాలాసేపు మాట కోసం వెతుక్కున్నాడు. నురుగు చెంప మీద ఎండిపోయింది.

"నువ్వేడిసింది నా కోసం కాదు గదే," అన్నాడు, ఆగి ఆగి. "కళ్లు మూసుకుని ఇన్నాను. నాయనా అన్నావు. నీ తల దువ్వనేదు నాయనా, నిన్ను మొయ్యడానికి నలుగుర్ని పిలవనేదు నాయనా, అన్నావు. నేను మంచం మీదే ఉన్నాను. నలుగురూ పక్కనే ఉన్నారు. ఆ ఏడుపు సంటోడిది. అది ఇన్నాక... ఎలా నవ్వను?"

చాప మీది ఆడవాళ్లలో ఎవరో గ్లాసు నేల మీద ఆనించారు.

సంటోడంటే చంటిబాబు, పెద్దకొడుకు. దివ్య కన్నా పెద్ద. తుపాను రోజు వేటకి వెళ్లాడు. పడవ చెక్కలై ఒడ్డుకి కొట్టుకొచ్చింది. తోటివాళ్లు శవాలై వచ్చారు. చంటిబాబు రాలేదు. ఊరి ఆడవాళ్లంతా వచ్చి కూర్చుంటే ఎరుకమ్మ వాళ్లని లేపి పంపేసింది. శవం లేకుండా శోకమేటి అంది. కంట తడి పెట్టలేదు. ఫోటోకి దండ వెయ్యనివ్వలేదు. సముద్రం కనబడని చోటు చూడమని మొగుణ్ణి పట్టుబట్టి అనకాపల్లి తీసుకొచ్చింది. ఇక్కడి బజార్లో వ్యాను మీద వచ్చే చేపలు అమ్ముతుంది. మళ్లీ ఆ ఒడ్డు తొక్కింది షూటింగు రోజునే, మొగుడికి అన్నం పట్టుకుని. ఆ రోజు హైదరాబాదు నటి కన్నీటి మందు వేసుకుని సన్నగా ఏడుస్తోంది. జనంలో నిలబడి చూస్తున్న ఎరుకమ్మ చేతిలో క్యారేజీ జారిపోయింది. ఆమె వచ్చి మంచం పక్కన కూలబడింది. దివ్య చేత్తో సైగ చేసింది. కెమెరా తల్లి మీదికి తిరిగింది.

ఆ సైగ సరైనదా కాదా అన్నది దివ్యకి ఇప్పటికీ తెలియదు. సినిమా మొత్తం దాని మీదే నిలబడిందని మాత్రం తెలుసు.

ఎరుకమ్మ లోపలికి వెళ్లిపోయింది.

దివ్య వెనకే వెళ్లి వంటింటి గుమ్మం దగ్గర ఆగింది. పొయ్యి మీద అన్నం ఉడుకుతోంది. తల్లి దాని ముందు కూర్చుని ఉంది. గరిటె చేతిలో ఉంది, కలపడం లేదు.

"అమ్మా," అంది దివ్య. "నువ్వు వద్దంటే ఇక్కడ వెయ్యను. ఎక్కడా ఉండకూడదంటే ఆ ముక్క తీయించేస్తాను. అది లేకపోతే సినిమా ఉండదు. ఉండకపోతే మానె. ఇంకోటి తీసుకుంటాను."

అన్నం పొంగింది. ఎరుకమ్మ మూత తీసింది, మంట తగ్గించింది. గంజి పక్కకి వంచింది. తరవాత కూతురి పక్కనుంచి బయటికి చూస్తూ గట్టిగా అంది.

"ఒరే నూకరాజూ. ఆ రెండో సెంప గీసీరా. ఊరందరి ముందుకీ అలాగెల్తాడేటి మీ నాన్న?"

*

హాలు గేటు దగ్గర జనం రోడ్డు మీదికి వచ్చేశారు. ఆటోలోంచి ముందు అప్పలనర్సమ్మ దిగింది. చావింటి మనిషి జుట్టు ముడేసుకుని రావడం చూసి ఎవరికీ ఏమీ అర్థం కాలేదు. తరవాత నూకరాజు, వాడి భుజం పట్టుకుని ఇస్త్రీ చొక్కాలో సన్యాసిరావు.

"సన్యాసిరావు మావా," అని ఒకడు అరిచాడు. అంతే. ఈలలు, కేకలు. చేపల బజారు ఆడవాళ్లు చేతులు పట్టుకుని చూస్తున్నారు, వెచ్చగా ఉందా లేదా అని. ఒకావిడ బుగ్గ గిల్లి మరీ నమ్మింది.

మెట్లెక్కడం కష్టమని కుర్రాళ్లు కుర్చీ తెచ్చారు. సన్యాసిరావుని అందులో కూర్చోబెట్టి నాలుగు వైపులా పట్టుకుని పైకెత్తారు.

"నలుగురూ ఇప్పుడే మోసెత్తన్నారేట్రా," అన్నాడు సన్యాసిరావు. "కొంచెం దాసుకోండి."

మెట్ల మీద నవ్వుల మధ్య కుర్చీ ఊగింది.

ఎరుకమ్మ ఆటో దిగలేదు. "నేను బయటే ఉంటాను," అంది, ఎవరితోనో చెప్పినట్టు.

దివ్య హాల్లో వెనక తలుపు దగ్గర నిలబడింది. విశాఖలో జనం నవ్వని చోట్ల ఇక్కడ నవ్వారు. తెర మీద బేరం జరుగుతుంటే హాల్లోంచి ఇంకా తక్కువకి అడిగారు. తెర మీద మనిషి వల తప్పుగా విసిరితే, 'ఎవుడ్రా వీడు' అని పూడిమడక వరసలోంచి తిట్టారు. అది తను కావాలని తీసిన తప్పు. అది పట్టుకునేవాళ్లు ఇన్నాళ్లకి దొరికారు. దివ్యకి హఠాత్తుగా ఊపిరి తేలికైంది. హైదరాబాదులో చిన్న గదిలో, తిరిగొచ్చిన కథలు ముందేసుకుని కూర్చున్నన్నాళ్లూ తను ఊహించుకున్న హాలు ఇదే.

మంచం సీను వచ్చింది.

తెర మీద కళ్లు మూసుకున్న సన్యాసిరావు కనబడగానే జనం తలలు నడవాలోని కుర్చీ వైపు తిరిగాయి. సన్యాసిరావు ఎడమచెయ్యి పైకెత్తాడు. హాలు దద్దరిల్లింది. కాగితం ముక్కలు గాల్లోకి లేచాయి.

ఎరుకమ్మ గొంతు మొదలైంది. ఈలలు సగంలో ఆగిపోయాయి.

'నీ తల దువ్వనేదు నాయనా...'

పూడిమడక వరసలో అప్పలనర్సమ్మ తెర వైపు కాస్త ముందుకి వంగింది. "మొగుణ్ణి నాయనా అంటారేటే," అంది పక్కామెతో, మెల్లగా. "పొద్దున్న ఫోన్లో ఇన్నాను. ఇన్నట్టే ఇన్నాను, అన్నయ్య సెప్పేదాకా తెలుసుకోనేదు. ఇది సంటోడిది." ఆ మాట వరస నుంచి వరసకి పాకింది. ముందు ఒక ముసలామె గొంతు కలిపింది. చావింట్లో ఒకరు శోకం ఎత్తుకుంటే పక్కవాళ్లు అందుకోవడం వాళ్ల పద్ధతి. తరవాత ఇంకొకరు, ఇంకొకరు. తెర మీద ఒక్కతే కూర్చుని ఏడ్చింది ఎరుకమ్మ. హాల్లో ఆమె ఒక్కతే కాదు.

పక్క తలుపు కొంచెం తెరుచుకోవడం దివ్య చూసింది. వెలుతురు గీతలో తల్లి నిలబడి ఉంది. తెర వైపు చూడటం లేదు. తన కొడుకు కోసం ఏడుస్తున్న జనాన్ని చూస్తోంది. ఒక్కో వరసనీ చూస్తోంది, వచ్చినవాళ్లని గుర్తుపెట్టుకుంటున్నట్టు.

ఎంతసేపటికో కొంగు ముఖానికి అడ్డం పెట్టుకుంది.

*

బొమ్మయిపోయాక జనం దివ్యని కదలనివ్వలేదు. చేతులు కలిపేవాళ్లు కలుపుతున్నారు, ఫోటోలు దిగేవాళ్లు దిగుతున్నారు. 'మన గుంట తీసింది' అని తెలియనివాళ్లకి కూడా చెబుతున్నారు. ఏటికొప్పాక నుంచి వచ్చిన ఒకాయన లక్కపిడతల బుట్ట చేతిలో పెట్టి, పేరు కూడా చెప్పకుండా వెళ్లిపోయాడు. త్రినాధరావు మెట్ల మీద నిలబడి ఫస్ట్ షో టికెట్లు అయిపోయాయని అరుస్తున్నాడు. తిట్లు తింటున్నాడు, సంతోషంగానే.

హైదరాబాదు నుంచి నిర్మాత ఫోన్. రేపు పొద్దున్నే సినిమా విజయానికి పెద్ద సభ. ఈ రాత్రికే బండి ఎక్కాలి. ఆమె లేకుండా సభ లేదు.

"చెబుతానండి," అంది దివ్య. ఎదురుగా తల్లి వస్తోంది. జనం దారి ఇస్తున్నారు. ఆడవాళ్లు ఆమె భుజం తాకి తప్పుకుంటున్నారు.

ఎరుకమ్మ వచ్చి కూతురి ముందు ఆగింది. నూకరాజు పక్కనే ఉన్నాడు. ఆమె వాడి వైపు చూడలేదు.

"దివ్యా," అంది.

దివ్య ఫోన్ చెవి దగ్గర్నుంచి దించేసింది.

"ఆఖర్న పేర్లు పడ్డాయి. వీడు సదివేడు. మీ నాన్న పేరుంది. అన్నాలొండినోడి పేరు కూడా ఉంది. నాది లేదు."

"వెయ్యొద్దన్నావు కదమ్మా."

"అన్నాను," అంది ఎరుకమ్మ. "ఇప్పుడు ఎయ్యి."

"రెండు రోజులు పడుతుంది. వేస్తాను. ఏమని వెయ్యమంటావు?"

"శోకం, సంటిబాబు తల్లి ఎరుకమ్మ. అంతే. ఇంకేటీ అక్కర్లేదు."

చంటిబాబు తల్లి. దివ్య తల్లి కాదు. ఆ మాట ఎక్కడో చిన్న ముల్లులా గుచ్చుకుంది, గుచ్చుకున్నచోటే చల్లబడింది. "అలాగే," అంది దివ్య.

గేటు బయట పూడిమడక ఆటో సిద్ధంగా ఉంది. సన్యాసిరావు అప్పటికే చెల్లెలి పక్కన సర్దుకుని కూర్చున్నాడు. ఎరుకమ్మ వెళ్లి మొగుడికి అటు పక్కన ఎక్కింది.

"మీ ఇంటికాడ దించీసి ఎల్తామమ్మా," అన్నాడు డ్రైవరు.

"ఇంటికొద్దు బాబూ. రేవుకే పోనీ."

అప్పలనర్సమ్మ తల తిప్పి వదినని చూసింది. రేవులో ఇప్పుడేం పని అని అడగబోయి, అన్న ముఖం చూసి ఊరుకుంది.

దివ్య చేతిలో ఫోన్ మళ్లీ మోగింది. హైదరాబాదే. ఎరుకమ్మ కొంగు సర్దుకుని, జరిగి, పక్కన కాస్త చోటు చేసింది.

"ఎక్కుతావా," అంది, "ఫోనెత్తుతావా?"

డ్రైవరు ఆటో స్టార్ట్ చేశాడు.